బేస్‌బాల్ స్కూల్ అనుకున్నా... గ్వాంగ్జు జెయిల్ హైస్కూల్ అసలు కథ

బీటీఎస్ ఫ్యాన్స్ ఎవరైనా వింటుంటే ముందు మీతోనే మొదలుపెడతా. జే-హోప్ సొంతూరు గ్వాంగ్జు. 2015లో వచ్చిన "మా సిటీ" పాటలో తన వంతు రాగానే ఆ ఊరి ఫోన్ కోడ్ 062, దాని పక్కనే 518 అనే నంబర్ వినిపిస్తుంది. 518 అంటే అయిదో నెల, పద్దెనిమిదో తేదీ. 1980 మే 18. ఆ రోజు ఏమైందో తెలుసుకుందామని వెతికితే నాకు ఒక స్కూల్ దొరికింది. జే-హోప్ చదివిన స్కూల్ కాదు, ఆ ఊళ్లోనే ఉన్న ఒక గవర్నమెంట్ బాయ్స్ హైస్కూల్. ఈరోజు ఎపిసోడ్ దాని గురించే.

పేరు గ్వాంగ్జు జెయిల్ హైస్కూల్. నవ్వకండి. కొరియన్‌లో "జెయిల్" అంటే మొదటిది, నంబర్ వన్ అని అర్థం. ఊళ్లో వాళ్లు ముద్దుగా "ఇల్గో" అంటారు. నేనూ ఇల్గో అనే అంటా, పలకడానికి తేలిక.

నిజం చెప్పాలంటే నేను దీన్ని స్పోర్ట్స్ ఎపిసోడ్‌గానే మొదలుపెట్టా. ఎందుకంటే కొరియాలో ఇల్గో అంటే బేస్‌బాల్. ఈ ఒక్క స్కూల్ నుంచి అమెరికా మేజర్ లీగ్ దాకా వెళ్లిన వాళ్లు నలుగురున్నారు. కిమ్ బ్యుంగ్-హ్యున్, సో జే-ఉంగ్, చోయ్ హీ-సప్, కాంగ్ జంగ్-హో. మేజర్ లీగ్‌లో ఆడిన మొదటి కొరియన్ బ్యాటర్ చోయ్ హీ-సప్, 2002లో షికాగో కబ్స్ తరఫున. ఇంతమంది ఒకే గేటు లోంచి ఎలా వచ్చారు, కోచింగ్ ఏంటి, తిండేంటి, ఇలా రాసుకుందామనుకున్నా. వెనక్కి వెళ్లేకొద్దీ కథ నా చేతుల్లోంచి జారిపోయింది. 1924 దగ్గర ఆగింది.

1924లో కొరియా లేదు. అంటే నేల ఉంది, మనుషులున్నారు, దేశం లేదు. 1910 నుంచి జపాన్ ఏలుబడి. స్కూళ్లు కూడా రెండు రకాలు. జపాన్ పిల్లలకి "మిడిల్ స్కూల్", కొరియా పిల్లలకి "గోబో", అంటే ఉన్నత సాధారణ పాఠశాల. ఒకే ఊరు, ఒకే వయసు, చదువు మాత్రం వేరు, పేరు కూడా వేరు. గ్వాంగ్జులో కొరియా అబ్బాయిల కోసం 1920లో మొదలైన గోబోనే మన ఇల్గోకి పాత రూపం.

ఈ గోబోలో అబ్బాయిలు బేస్‌బాల్ నేర్చుకున్నారు. కొరియాకి బేస్‌బాల్ తెచ్చింది అమెరికన్ మిషనరీలు. ఊరూరా పాకించింది మాత్రం చాలావరకు జపాన్ వాళ్లే. మనకి క్రికెట్ ఎలా వచ్చిందో గుర్తు చేసుకోండి, ఈ వ్యవహారం వెంటనే అర్థమైపోతుంది. దొర ఆట దొరమీదే ఆడి గెలవాలని ప్రతి కుర్రాడికీ ఉంటుంది. 1924 జూన్‌లో గోబో జట్టుకీ, గ్వాంగ్జులో ఉండే జపాన్ వాళ్ల "స్టార్" అనే టీమ్‌కీ మ్యాచ్ పడింది. అది ఆటగా మొదలై కొట్లాటగా మారింది. పోలీసులొచ్చారు. ఎవర్ని పట్టుకెళ్లారో నేను చెప్పక్కర్లేదు, కొరియా కుర్రాళ్లనే. మిగతా స్కూలంతా క్లాసులు బహిష్కరించింది. ఒక బేస్‌బాల్ మ్యాచ్ వల్ల స్కూల్ మొత్తం సమ్మె!

ఈ గొడవని చాలా పుస్తకాల్లో ఒక్క లైన్‌లో దాటేస్తారు. నాకు మాత్రం ఇదే అసలు మొదలు అనిపిస్తుంది. ఆ రోజు ఆ పిల్లలకి రెండు విషయాలు తెలిశాయి. గ్రౌండ్‌లో రూల్ ఇద్దరికీ ఒకటే. గ్రౌండ్ దాటగానే ఒకటి కాదు.

రెండేళ్ల తర్వాత, 1926 నవంబర్ 3న, గోబో కుర్రాళ్లు కొందరు, పక్కనే ఉన్న అగ్రికల్చర్ స్కూల్ కుర్రాళ్లు కొందరు కలిసి ఒక రహస్య సంఘం పెట్టుకున్నారు. పేరు సంగ్జిన్‌హే. అందులో జాంగ్ జే-సంగ్ అనే అబ్బాయి ఉన్నాడు. ఈ పేరు గుర్తుపెట్టుకోండి, మళ్లీ వస్తుంది. వీళ్లు చేసిన పని పెద్దగా సినిమాటిక్‌గా ఉండదు. పుస్తకాలు తెచ్చుకోవడం, దొంగతనంగా చదవడం, మాట్లాడుకోవడం. తర్వాత ఇవే స్కూలు స్కూలుకీ రీడింగ్ క్లబ్బులయ్యాయి. తుపాకులు లేవు, బాంబులు లేవు. కానీ ఒక రోజు వస్తే ఎవరిని పిలవాలో, ఎక్కడ కలవాలో వాళ్లకి తెలుసు.

ఆ రోజు వచ్చింది. 1929 అక్టోబర్ 30.

గ్వాంగ్జుకి దగ్గర్లో నాజు అనే చిన్న ఊరుంది. అక్కడి పిల్లలు రోజూ ట్రైన్‌లో గ్వాంగ్జు వెళ్లి చదువుకుని సాయంత్రానికి తిరిగొచ్చేవాళ్లు. జపాన్ పిల్లలు, కొరియా పిల్లలు, అందరికీ అదే ట్రైన్. ఆ సాయంత్రం నాజు స్టేషన్‌లో దిగుతుంటే ఫుకుదా అనే జపాన్ కుర్రాడు, అతని స్నేహితులు కలిసి పార్క్ గి-ఓక్ అనే కొరియా అమ్మాయి జడ పట్టుకుని లాగి ఏడిపించారు. ఆ అమ్మాయికి వరసకి తమ్ముడు పార్క్ జున్-చే అక్కడే ఉన్నాడు. గోబోలో రెండో సంవత్సరం. వెళ్లి అడిగాడు. వాళ్లు కొరియా వాళ్లని తిట్టే మాటేదో అన్నారు. జున్-చే కొట్టాడు. స్టేషన్‌లో ఉన్న జపాన్ పోలీసు వచ్చి ఎవర్ని కొట్టాడో మళ్లీ చెప్పక్కర్లేదు.

మర్నాడు ట్రైన్‌లో రెండు వర్గాలూ మళ్లీ తలపడ్డాయి. ఊళ్లో జపాన్ వాళ్లు నడిపే పేపర్ తప్పంతా కొరియా పిల్లలదే అని రాసింది.

ఇక నవంబర్ 3. ఆదివారం. జపాన్‌కి అది పాత చక్రవర్తి మెయిజీ పుట్టినరోజు, పెద్ద పండగ. సెలవైనా పిల్లలు స్కూల్‌కి వచ్చి, నిలబడి, జపాన్ జాతీయగీతం పాడాలి. అదే రోజు చాంద్రమానంలో పదో నెల మూడో తేదీ, అంటే కొరియా పుట్టిన రోజని వాళ్లు నమ్మే పండగ. పైగా సంగ్జిన్‌హే పెట్టి సరిగ్గా మూడేళ్లు. గోబో పిల్లలు పాట పాడలేదు. నోరు మూసుకుని నిలబడ్డారు. తర్వాత వీధిలోకి వచ్చారు. ముందు ఎక్కడికెళ్లారో తెలుసా? ఆ పేపర్ ఆఫీస్‌కి. వెళ్లి ప్రింటింగ్ మెషిన్‌లో ఇసుక పోశారు. నాకు ఈ ముక్క భలే ఇష్టం. మా గురించి అబద్ధం రాస్తే మీ మిషనే తిరగదు అన్నట్టు.

ఆ రోజు ఊళ్లో రాళ్లు, కర్రలు, నెత్తురు. గాయపడిన వాళ్లు రెండు వైపులా ఉన్నారు. జైలుకి వెళ్లింది మాత్రం దాదాపు ఒకే వైపు.

అప్పటికి జాంగ్ జే-సంగ్ టోక్యోలో చదువు ఆపేసి ఊరికి తిరిగొచ్చాడు. వయసు ఇరవై ఒకటి. గొడవ చల్లారాక కుర్రాళ్లని కూర్చోబెట్టి అతను ఒక మాట చెప్పాడంటారు. మన పోట్లాట జపాన్ విద్యార్థులతో కాదు, వాళ్ల సామ్రాజ్యంతో అని. జడ లాగిన కుర్రాడి మీద కోపం రెండు రోజుల్లో చల్లారిపోతుంది. ఆ కుర్రాడికి అంత ధైర్యం ఎక్కడిది అని అడిగితే చల్లారదు. నవంబర్ 12న రెండోసారి వీధిలోకి వచ్చినప్పుడు కరపత్రాల్లో ఆ అమ్మాయి ఊసు కాదు, డిమాండ్లున్నాయి. పట్టుకున్న విద్యార్థుల్ని వదలండి, బానిసల్ని తయారు చేసే చదువు ఆపండి, మాట్లాడుకునే స్వేచ్ఛ ఇవ్వండి. ఒక స్టేషన్ గొడవ పదమూడు రోజుల్లో ఇక్కడికొచ్చింది.

అక్కడి నుంచి అది గ్వాంగ్జు దాటింది, సియోల్ చేరింది, 1930 మొదటి నెలల దాకా దేశమంతా నడిచింది. చాలాకాలంగా చెప్పే లెక్క 194 స్కూళ్లు, 54 వేల మంది విద్యార్థులు. స్కూల్ నుంచి శాశ్వతంగా తీసేసింది 582 మందిని. సస్పెండ్ అయిన వాళ్లు 2,330. ఇంటర్ చదివే వయసు పిల్లలు, ఫ్రెండ్స్. ఇంట్లో అమ్మానాన్నా పొలం తాకట్టు పెట్టి చదివిస్తుంటే పేరు కొట్టేశారని చెప్పడం ఎలా ఉంటుందో ఒక్క నిమిషం ఊహించండి. ఆ 582 ఇళ్లల్లో ఆ రాత్రి ఏం మాట్లాడుకున్నారో ఏ పుస్తకంలోనూ ఉండదు.

జాంగ్ జే-సంగ్‌కి నాలుగేళ్ల జైలు పడింది. ఈ కేసులో అదే అందరికంటే పెద్ద శిక్ష.

ఇక్కడ కొంచెం ఫాస్ట్‌గా వెళ్తా. 1938లో జపాన్ వాళ్లు స్కూళ్ల పేర్లు మార్చినప్పుడు గోబో కాస్తా గ్వాంగ్జు వెస్ట్ మిడిల్ స్కూల్ అయింది. 1945లో జపాన్ ఓడిపోయింది, కొరియాకి విడుదల దొరికింది, వెంటనే రెండు ముక్కలైంది. 1949లో ఈ వెస్ట్ స్కూల్ జట్టు కిమ్ యాంగ్-జుంగ్ అనే పిచర్ చేతి మీద బ్లూ డ్రాగన్ ట్రోఫీ గెలిచింది. పిచర్ అంటే మన బౌలర్ లాంటివాడు. హైస్కూల్ బేస్‌బాల్‌లో అది దేశంలోనే పెద్ద టోర్నమెంట్లలో ఒకటి. ఫైనల్లో ఓడింది బుసాన్ వాళ్లు, అప్పట్లో వాళ్లని ఓడించడమంటే మాటలు కాదు. 1950ల మొదట్లో స్కూల్ విధానం మారి హైస్కూల్ విడిపోయాక "జెయిల్" పేరు వచ్చింది. 1953లో నవంబర్ 3ని స్టూడెంట్స్ డే చేశారు. 1954లో స్కూల్ ఆవరణలో స్మారక స్తంభం కట్టారు.

అంతా బాగుంది కదా. మరి జాంగ్ జే-సంగ్ ఏమయ్యాడు?

1950లో యుద్ధం మొదలైనప్పుడు అతను గ్వాంగ్జు జైల్లో ఉన్నాడు. ఈసారి పెట్టింది జపాన్ కాదు, స్వతంత్ర కొరియా ప్రభుత్వం. వామపక్షం వాడని. ఉత్తర కొరియా సైన్యం దిగొస్తోందనగానే, బయటికి వస్తే వాళ్లతో కలుస్తారన్న అనుమానంతో జైళ్లలో ఉన్న చాలామందిని కాల్చేశారు. జూలైలో అతన్నీ కాల్చేశారు. జపాన్ వాళ్లు నాలుగేళ్లు జైల్లో పెట్టి వదిలేసిన మనిషిని సొంత దేశం చంపేసింది. నాలుగేళ్ల తర్వాత అతను చదివిన స్కూల్లోనే అతను నడిపిన ఉద్యమానికి స్తంభం లేచింది. స్వాతంత్ర్య యోధుడిగా గౌరవం మాత్రం దశాబ్దాల పాటు దక్కలేదు. ఇది చదివిన రోజు నేను ఎపిసోడ్ రాయడం ఆపేశా. స్పోర్ట్స్ స్టోరీ అనుకుని మొదలెట్టానే, దీన్ని ఎక్కడ పెట్టాలి అని. చివరికి అది ఎక్కడ జరిగిందో అక్కడే పెట్టా.

స్టూడెంట్స్ డే సంగతి కూడా విచిత్రం. 1973లో పార్క్ చుంగ్-హీ ప్రభుత్వం దాన్ని క్యాలెండర్ లోంచి తీసేసింది. కారణం ఊహించొచ్చు. అప్పటికి విద్యార్థులు వీధుల్లోకి వస్తోంది ఆయనకి వ్యతిరేకంగానే. జపాన్‌ని ఎదిరించారని పిల్లల్ని మెచ్చుకుంటూ కూర్చుంటే, ఎదిరించడం మంచిదే అని వాళ్లకి అనిపించవచ్చు కదా! 1984లో మళ్లీ పెట్టారు. 2006లో పేరు మార్చి విద్యార్థి స్వాతంత్ర్యోద్యమ స్మారక దినం అన్నారు.

ఇప్పుడు బేస్‌బాల్‌కి వద్దాం.

1970లలో కొరియాలో ప్రొఫెషనల్ లీగ్ లేదు. ఉన్నదల్లా హైస్కూల్ బేస్‌బాల్. దాని పిచ్చి ఎలా ఉండేదంటే, జట్టు స్కూల్‌ది కాదు, ఊరిది. గ్వాంగ్జు ఉన్న ప్రాంతం పేరు హోనమ్. ఫ్యాక్టరీలు, రోడ్లు, పదవులు అన్నీ ఎక్కువగా తూర్పున ఉన్న యంగ్నమ్ వైపే పోతున్నాయని హోనమ్ జనానికి కడుపుమంట. పార్క్ చుంగ్-హీ సొంత ప్రాంతం కూడా అదే. 1975లో ప్రెసిడెంట్ కప్ ఫైనల్. ఒక వైపు ఇల్గో. ఇంకో వైపు యంగ్నమ్‌లోని డేగు నుంచి వచ్చిన గ్యంగ్బుక్ హైస్కూల్, ఆ రోజుల్లో హడలెత్తించే టీమ్. ఇల్గో బ్యాటర్ కిమ్ యున్-హ్వాన్ వరసగా మూడు హోమ్ రన్లు కొట్టాడు. హోమ్ రన్ అంటే మన సిక్సర్ లాంటిదే, కాకపోతే మ్యాచ్ మొత్తంలో ఒకటి పడితేనే గొప్ప. ఒకే మనిషి, ఫైనల్లో, వరసగా మూడు. ఇల్గో గెలిచింది. కప్పు పేరు ప్రెసిడెంట్ కప్ అని మర్చిపోకండి. బయట నోరెత్తలేని జనం ఆ రోజు ఎంత గట్టిగా అరిచి ఉంటారో!

అయిదేళ్ల తర్వాత, 1980 వసంతంలో అదే కప్పు. ఈసారి ఇల్గో పిచర్ సన్ డాంగ్-యోల్. ఫైనల్లో ఎదురు జట్టు కూడా గ్వాంగ్జుదే, కామర్స్ హైస్కూల్. దేశం మొత్తంలో ఆఖరికి మిగిలింది ఒకే ఊరి రెండు స్కూళ్లు! ఇల్గో గెలిచింది. ఊరికి ఇంతకంటే పండగ ఏముంటుంది?

ఆ వెంటనే మే 18 వచ్చింది.

కుట్ర చేసి అధికారం పట్టిన జనరల్ చున్ డూ-హ్వాన్ మార్షల్ లా దేశమంతా పెంచాడు. గ్వాంగ్జులో విద్యార్థులు ఎదురు తిరిగితే పారాట్రూపర్లని దింపాడు. గుమ్నామ్-రో అనే మెయిన్ రోడ్డు మీద లాఠీలు, బాయినెట్లు, 21న తుపాకులు. అధికారిక లెక్క ప్రకారమే చనిపోయింది 150 మందికి పైనే. "ఎ ట్యాక్సీ డ్రైవర్" సినిమా చూసి ఉంటే మీకు ఆ రోడ్డు తెలుసు. ఇల్గో అక్కడికి నడిచి వెళ్లేంత దూరంలోనే ఉంటుంది. 2007లో "స్కౌట్" అని ఒక కామెడీ సినిమా వచ్చింది. సన్ డాంగ్-యోల్‌ని తమ యూనివర్సిటీకి లాక్కురమ్మని సియోల్ నుంచి ఒకడిని పంపుతారు. వాడు గ్వాంగ్జు వచ్చేది ఆ మే నెలలోనే. నవ్వుతూ నవ్వుతూ ఉండగానే డేట్ దగ్గరపడుతుంది. దొరికితే చూడండి.

సినిమాలో చూపించిన ట్యాక్సీల విషయం ఒకటి చెప్పాలి. మే 20 సాయంత్రం 200కి పైగా ట్యాక్సీలు, బస్సులు, లారీలు హెడ్‌లైట్లు వేసుకుని, హారన్లు కొట్టుకుంటూ సైన్యం మీదకి వెళ్లాయి. అవి బయల్దేరింది ఎక్కణ్ణుంచో తెలుసా? ముదుంగ్ స్టేడియం నుంచి.

రెండేళ్లకి, 1982 మార్చి 27న కొరియా ప్రొఫెషనల్ బేస్‌బాల్ లీగ్ మొదలైంది. మొదటి బంతి విసిరింది ప్రెసిడెంట్ చున్ డూ-హ్వాన్. జనం రాజకీయాలు మర్చిపోవాలని పెట్టిన లీగ్ అని అప్పుడే అన్నారు, ఇప్పటికీ అంటారు. గ్వాంగ్జుకి ఒక టీమ్ ఇచ్చారు, హేతే టైగర్స్. హోమ్ గ్రౌండ్ అదే ముదుంగ్ స్టేడియం.

మర్చిపోయారా? ఆ టీమ్ 1983 నుంచి 1997 లోపు తొమ్మిది సార్లు ఛాంపియన్. ఇల్గో నుంచి వచ్చిన సన్ డాంగ్-యోల్ కెరీర్ సగటు 1.20. అంటే మ్యాచ్ మొత్తం తనే వేస్తే ఎదుటి జట్టుకి ఇచ్చేది ఒక రన్ చిల్లర. ఇల్గో నుంచే వచ్చిన లీ జాంగ్-బమ్ 1994లో ఒక్క సీజన్‌లో 84 బేస్‌లు దొంగిలించాడు. పిచర్ చూస్తుండగానే ఇంకో బేస్‌కి పరిగెత్తడం అన్నమాట. అతనికి అక్కడి జనం పెట్టుకున్న పేరు "గాలి కొడుకు". మన భాషలో అచ్చంగా వాయుపుత్రుడు. ఇప్పుడు శాన్ ఫ్రాన్సిస్కోలో ఆడుతున్న లీ జంగ్-హూ అతని కొడుకే, కాబట్టి వాడు "గాలి మనవడు". వాడు ఇల్గో కాదులెండి, సియోల్‌లో చదివాడు.

స్టేడియంలో ఫ్యాన్స్ పాడుకునే పాట 1935 నాటి "మొక్పో కన్నీళ్లు". స్పోర్ట్స్ పాట కానే కాదు, ఏడుపు పాట. గెలుస్తున్నా అదే, ఓడుతున్నా అదే. మే 18 గురించి బయట మాట్లాడితే పట్టుకెళ్లే రోజుల్లో వేలమంది ఒకచోట కూర్చుని ఏడవడానికి టికెట్ కొనుక్కునే వీలున్న స్థలం అదొక్కటే. చాలా ఏళ్లపాటు మే 18న గ్వాంగ్జులో మ్యాచే పెట్టేవాళ్లు కాదు. జనం గుమిగూడితే ఏమవుతుందో పైవాళ్లకీ తెలుసు. 1924లో పోలీసులకి తెలిసినట్టే.

మేజర్ లీగ్ బ్యాచ్ గురించి ఇంకా చెప్పాల్సింది ఉంది కానీ, ఒక్కటి చెప్పి వదిలేస్తా. 2001 వరల్డ్ సిరీస్‌లో కిమ్ బ్యుంగ్-హ్యున్ యాంకీ స్టేడియంలో వరసగా రెండు రాత్రులు, గెలిచే మ్యాచుల్లో చివర్లో హోమ్ రన్లు ఇచ్చుకున్నాడు. రెండో రాత్రి గ్రౌండ్‌లోనే కూలబడిపోయాడు. ఇరవై రెండేళ్ల కుర్రాడు, ప్రపంచమంతా చూస్తోంది. టీమ్ చివరికి సిరీస్ గెలిచింది. ఆ రింగ్ అందుకున్న మొదటి కొరియన్ అతనే.

కొరియాలో చదువుకునే మన తెలుగు పిల్లలు ఎవరైనా వింటుంటే ఒక చిన్న పని. సియోల్ నుంచి గ్వాంగ్జుకి కేటీఎక్స్ ట్రైన్ రెండు గంటల లోపే. ఇల్గో ఆవరణలో 1954 నాటి స్తంభం ఇప్పటికీ ఉంది. నాజు పాత స్టేషన్‌కి ఇప్పుడు రైళ్లు రావు. 2001లో మూసేశారు, కానీ కూల్చలేదు, అలాగే ఉంచి పక్కన మ్యూజియం పెట్టారు. గి-ఓక్ నడిచిన చోటు, జున్-చే ఎదురు తిరిగిన చోటు చూడొచ్చు. వెళ్తే జాంగ్ జే-సంగ్ గురించి ఎక్కడ ఎంత రాశారో కూడా చూసి నాకు చెప్పండి. వచ్చే వారం కలుద్దాం.